లోహితకు ఏడుపు రాదు

నవంబరు 1, శనివారం. మహబూబాబాద్.

నిన్న అయిపోయింది. చెల్లెలు రచనకు తలకొరివి శివాజీ బావ పెట్టాడు. తమ్ముడి భార్యకు పెట్టాల్సింది ఆయనే అన్నారు. మూడేళ్ళ కిందట తమ్ముడు జగపతికీ ఆయనే పెట్టాడు. పాపం, ఆయనకు అదొక పనైపోయింది.

శివాజీ బావది మిర్చి వ్యాపారం. ఇంటి వెనకే గోదాం. గడప దాటిన ప్రతివాళ్ళకూ తుమ్ములు, కళ్ళ నీళ్ళు. నాకు ఏమీ లేదు. అన్నం తిన్నాను. మారు పెట్టించుకున్నాను. నిద్ర కూడా పట్టింది.

నవంబరు 2

పలకరించడానికి పొద్దటి నుంచీ ఆడవాళ్ళు వస్తూనే ఉన్నారు. వచ్చిన ప్రతి మనిషికీ అమ్మ శోకం కొత్తగా ఎత్తుకుంటుంది. ఆమె మెడ మీద పడి, రాగం తీసి, "ఓ నా బిడ్డో... నీ పిల్లనెవలికి అప్పజెప్పి పోతివే నా రచనో... నా కంటె ముందుగాల్ల నీకేం తొందరొచ్చెనే" అని ఏడుస్తుంది. మధ్యలో ఆపి, మామూలు గొంతుతో, "చాయల చక్కెర తక్కువెయ్యిండ్రి, ఆమెకు షుగరున్నది" అంటుంది. ఆపిన చోటి నుంచే మళ్ళీ అందుకుంటుంది.

ఎగతాళికి రాయడం లేదు. అమ్మది నిజమైన ఏడుపు. చక్కెర సంగతీ నిజమే. నా దగ్గర ఆ రెండూ లేవు.

అమ్మ తర్వాత వరస నాది. తోడబుట్టినదాన్ని, పెద్దదాన్ని. నా మెడ చుట్టూ చేతులు వేసి ఆగుతారు. ఎత్తుకోవాల్సింది నేను. నేను ఎత్తుకోను. కాసేపటికి చేతులు బరువై, వీపు నిమిరి, వదిలేస్తారు. వంటింటి వైపు పోతూ ఒకామె అంటుంటే విన్నాను: "టీవీల యంత్రం ఏషం ఏసింది గీమెనే. అసలుకు గూడ గట్లనే ఉన్నట్టున్నది."

నవ్వే ఆడదాన్నీ ఏడ్చే మగవాణ్నీ నమ్మొద్దని సామెత ఉంది. ఏడవని ఆడదాని గురించి ఏ సామెతా లేదు. అలాంటిది పుడుతుందని పెద్దవాళ్ళు అనుకొని ఉండరు.

నవంబరు 3

రచన కూతురు మేఘన కూడా ఏడవలేదు. ఎవరితోనూ మాట్లాడడం లేదు. రెండో తరగతి పిల్ల. దాన్ని కూడా అంటున్నారు.

నవంబరు 4

ఆ ఆడవాళ్ళను తప్పు పట్టలేను. వాళ్ళ పిల్లలు ఏడేళ్ళు ప్రతి ఆదివారం పొద్దున నన్ను చూశారు. ‘శూన్యయాత్ర’. భూమిని వదిలి పోతున్న ఒక నౌక. అందులో మనుషులందరికీ ఏదో ఒక బాధ. బాధ లేనిది యంత్రం లోహిత ఒక్కతే. ఆ లోహితను నేను.

అంతకు ముందు పనిమనిషి వేషాలకు తిరిగాను. స్టేషన్ ఘన్‌పూర్ నుంచి వచ్చి నోరు తెరిస్తే అంతకన్నా ఎవరిస్తారు? "ఇంకోసారి అనండి, ఇంకోసారి" అనేవాళ్ళు, వినోదానికి. లోహితకు ఆ చిక్కు లేదు. గొంతు కాకినాడ ఆమె ఎవరో ఇచ్చింది. వాళ్ళకు కావలసిందల్లా పొడుగ్గా, రెప్ప వేయకుండా నిలబడే మనిషి. నిలబడ్డాను. అండాలు అనే పేరు బాగాలేదని టైటిల్స్‌లో ఇంకేదో వేశారు. దానికీ రెప్ప వేయలేదు.

డైరెక్టర్ ఒక కిటుకు చెప్పాడు. ఎదుటి మనిషిని చూడొద్దు, మనిషి వెనక గోడను చూడు, లోపలంతా ఖాళీ చేసుకో అన్నాడు. మొదట్లో ఆ ఖాళీలోకి పోవడం కష్టమయ్యేది. తర్వాత తర్వాత తిరిగి రావడం కష్టమైంది. ‘కట్’ అన్నాక కూడా అక్కడే ఉండిపోయేదాన్ని. మేకప్ మనిషి వచ్చి భుజం తట్టేవాడు.

సీరియల్ ఆగిపోయాక ఒకచోట తల్లి వేషం వచ్చింది. కొడుకు శవం మీద పడి ఏడవాలి. గ్లిజరిన్‌కు నీళ్ళు కారాయి, ముఖం మాత్రం కదలలేదు. "మేడమ్, లోహిత కనిపిస్తోంది" అన్నారు. వేరే ఆమెను పెట్టుకున్నారు. ఆ తర్వాత నా నటన అంతా మొబైల్ షాపుల ముందే. వెండి రంగు పూసుకుని రిబ్బన్ కత్తిరించడం. ఈ ఊళ్ళోనే ఒకటి కత్తిరించాను. రచన పిల్లను చంకనెత్తుకుని చూడడానికి వచ్చింది. పిల్ల నన్ను చూసి జడుసుకుంది. రచన నవ్వీ నవ్వీ అక్కడే మెట్ల మీద కూలబడింది.

హనుమకొండ దవాఖానలో డాక్టర్ తలుపు తీసుకుని బయటికి వచ్చినప్పుడు, ఆయన వెనక గోడను చూశాను. ఆకుపచ్చ గోడ. అప్పుడు పోయినదాన్ని ఇంకా తిరిగి రాలేదు. భయంగా ఉందా అంటే, అదీ లేదు.

నవంబరు 5

మేఘన మాట్లాడింది.

డాబా మీద బట్టలు ఆరేస్తుంటే వెనక వచ్చి నిలబడింది. "నువ్వు లోహితవా?" అంది.

"ఔ."

"మరి రంగేది?"

"కడిగేసిన."

"మెషిన్ గిట్ల మాట్లాడదు."

"టీవీల గొంతు నాది గాదు బిడ్డా. కాకినాడామెది. నాది గిదే."

"అయితె మెషిన్‌ది ఘన్‌పూరా?"

"ఘన్‌పూరే."

ఒప్పుకుంది. అయితే నిలబడమంది. చేతులు పక్కన పెట్టి, రెప్ప వేయకుండా నిలబడ్డాను. తడి చీర భుజం మీదే ఉండిపోయింది. మేఘన ఎదురుగా వచ్చి, మా అందరికీ కనిపించకుండా దాచుకున్నవన్నీ బయటికి తీసింది.

"లోహితా, మనిషి మొత్తం కాలెతందుకు ఎంతసేపైతది?"

"సమాచారం లేదు." లోహితకు తెలియనిది అడిగితే ఆ మాటే అంటుంది.

"కాలేటప్పుడు అమ్మకు సురుక్కుమన్నదా?"

"సమాచారం లేదు."

"ఇప్పుడు ఏడున్నది?"

"సమాచారం లేదు."

తల ఊపి కిందికి దిగిపోయింది. ఈ ఇంట్లో దానికి అబద్ధం చెప్పనిది లోహిత ఒక్కతేనేమో. మిగతావాళ్ళు వాళ్ళమ్మ చుక్కల్లోకి పోయిందంటున్నారు. చుక్కల దాకా పోయి వచ్చినదాన్ని నేను. అక్కడంతా అట్ట ముక్కలు, సీరియల్ బల్బులు.

నవంబరు 6

విజయ్ ఫోన్ చేశాడు, నా డేట్లు చూసే కుర్రాడు. ‘శూన్యయాత్ర’ మళ్ళీ తీస్తున్నారట. లోహితగా కొత్తమ్మాయి. నేను పాత మోడల్‌నట. నౌక అడుగున సామాన్ల గదిలో దుమ్ము కొట్టుకుని ఉంటానట. "చాలా ఎమోషనల్ క్యారెక్టర్ మేడమ్" అన్నాడు. జనవరిలో షూటింగ్. ఆలోచిస్తానన్నాను. సంగతి తెలిసి, సారీ మేడమ్ అని కూడా అన్నాడు. పరవాలేదన్నాను. నిజంగానే పరవాలేదు.

నవంబరు 7

శివాజీ బావకు చెప్పాను. చెప్పాల్సినప్పుడు చెప్పకపోతే ఆ తర్వాత అందరూ అడిగేది అదే.

దవాఖానలో చేరిన రెండో పూట రచన నా చేయి పట్టుకుని అన్నది: "మేఘన నీ దగ్గరుండాలె అక్కా. బావ మంచోడే గని హాస్టల్ల ఏస్తడు. సొంత పిల్లలనే ఏసిండు." అప్పుడు గదిలో ఎవరూ లేరు. నర్సు కూడా లేదు.

బావ విన్నాడు. కోపం తెచ్చుకోలేదు. "ఎవరి ముందు అన్నది?" అన్నాడు.

ఎవరి ముందూ అనలేదన్నాను.

"దినాలు కానియ్యి. నలుగురు కూసున్నప్పుడు మాట్లాడుకుందం. ఇంటి పిల్ల అండాలూ. మా తమ్మునికి మిగిలింది గదొక్కతే."

ఆయన అన్నది అన్యాయమేమీ కాదు. హాస్టల్ కూడా మంచిదే, అందరూ చేరుస్తున్నారు. నాకు ఆ పిల్ల కావాలి. రచన అన్నందుకా, లేకపోతే డాబా మీద నాతో మాట్లాడినందుకా, తెలియదు. కావాలన్నది మాత్రం తెలుస్తోంది. ఈ వారంలో నాకు తెలిసినది అదొక్కటే.

నవంబరు 8

దశదినం. వంద మందికి పైగా వచ్చారు. అన్నీ చేశాను. ఆకులు ఎత్తాను కూడా.

ఒక ముసలమ్మ మేఘనను ఒళ్ళో కూర్చోబెట్టుకుంది. "ఏడువు బిడ్డా, కడుపుల పెట్టుకుంటె మంచిది గాదు. అమ్మ కోసం ఏడ్వవా?" అని బతిమిలాడింది. పిల్ల ఏడవలేదు. ముసలమ్మ దాని జబ్బ గిల్లింది. గట్టిగానే గిల్లింది. చెడ్డ మనిషి కాదు, ఆమె లెక్కలో అది మందు.

మేఘన ఆమె వెనక గోడను చూసింది.

నేను నేర్పలేదు. లేచి వెళ్ళి పిల్లను తీసుకుని బయటికి వచ్చాను. జబ్బ మీద ఎర్రగా ఉంది. నొప్పి ఉందా అంటే "సమాచారం లేదు" అంది.

నవంబరు 9

ఏమీ లేదు.

నవంబరు 10, సోమవారం

పొద్దున హాల్లో చాపలు వేశారు. అమ్మ తమ్ముడు వెంకట్రాజం మామ ఘన్‌పూర్ నుంచి వచ్చాడు. శివాజీ బావ, వాళ్ళవైపు పెద్దమనుషులు ఇద్దరు. ఆడవాళ్ళు తలుపు దగ్గర. మేఘనను వంటింట్లో కూర్చోబెట్టారు, అక్కడికి అన్నీ వినిపిస్తాయి.

రచన అన్న మాట చెప్పాను. దవాఖానలో ఎలా అన్నదో అలాగే, ఒక్క ముక్క కలపకుండా. పెద్దమనిషి ఒకాయన "సాక్ష్యం?" అన్నాడు. లేదన్నాను. "నీకు పెండ్లి గాలె. ఆటలు, పాటలు, షూటింగులని తిరుగుతవు. పిల్లనెవలు సూస్తరు?" అన్నాడు ఇంకొకాయన. మామ నా వైపు మాట్లాడబోయి, తలపాగా సర్దుకున్నాడు.

శివాజీ బావ అందరికన్నా మెల్లగా అన్నాడు: "తప్పు పట్టకు అండాలూ. ఇన్నొద్దులు నా ఇంట్లనే ఉంటివి, సూస్తనే ఉన్న. తోడబుట్టింది పోతె కంట తడి పెట్టలె. నిన్ను అనుడు గాదు, నీ గుణం గదేమో. గని రేపు పిల్లకు జరమొస్తె నీకు తెలుస్తదా?"

మంచి ప్రశ్న. అమ్మ వైపు చూశాను. అమ్మ నేల వైపు చూస్తోంది.

చాయ తాగి తేల్చుదాం అన్నారు. లేచారు. అంతటితో అయిపోయిందని నాకు అర్థమైంది.

వెనక్కి, గోదాంలోకి పోయాను. బస్తాలు నడుం ఎత్తు దాకా ఉన్నాయి. ఒక బస్తా మూతి విప్పి ఉంది. అందులో చేయి పెట్టి, కాయలు నలిపి, వేళ్ళతో కళ్ళ కింద రాసుకున్నాను. రెప్పల మీద కూడా. పది మంది ఏడుపులు విన్నాను ఈ పది రోజుల్లో. ఎక్కడ గుక్క తిప్పుకుంటారో, ఎక్కడ పేరు పెట్టి పిలుస్తారో, ఎక్కడ రొమ్ము మీద కొట్టుకుంటారో అన్నీ కంఠతా వచ్చాయి. అయినా ముఖం కదలదేమోనని అనుమానం. తల్లి వేషం పోయినట్టు ఇదీ పోతుందేమోననుకున్నాను. తిరిగి చూస్తే మేఘన గోదాం గుమ్మంలో నిలబడి ఉంది. ఎప్పటి నుంచి ఉందో. పక్కకు జరిగి దారి ఇచ్చింది.

హాల్లో పెద్దమనుషుల చేతుల్లో కప్పులు ఉన్నాయి. బావ భార్య మీద పడి శోకం ఎత్తుకున్నాను.

"ఓ నా చెల్లో... నా రచనో... బూడిదల నిలబడి నాకు సద్ది తెచ్చినవు గదనే... పచ్చచీర కట్టుకోని వస్తివి గదనే..."

అది నిజమే. చెల్పూర్ కరెంటు ప్లాంటు అవతల బూడిద మైదానంలో గ్రహం సీను తీసినప్పుడు, అక్కడే క్వార్టర్‌లో ఉండే రచన టిఫిన్ డబ్బాతో వచ్చి ఫ్రేములో నిలబడింది. జీవం లేని గ్రహం మీద పచ్చచీర. డైరెక్టర్ అరిచిన అరుపు ఇప్పటికీ చెవిలో ఉంది. ఆ సంగతి నోట్లోకి ఎలా వచ్చిందో తెలియదు, అది అమ్మ శోకంలోది కాదు.

ఆ తర్వాతది మాత్రం కావాలనే అన్నాను. "దవాఖానల నా శెయ్యి వట్టుకోని ఏమంటివే... నా పిల్లను నీ దగ్గరుంచుకో అక్కా అంటివి గదనే... ఇప్పుడు సాక్ష్యమేదంటున్నరే, లేచి వచ్చి చెప్పవే నా రచనో..."

కప్పులు కింద పెట్టారు. శోకంలో అన్న మాటకు మా వైపు ఎవరూ ఎదురు చెప్పరు. అత్తను తిట్టినా, మగణ్ని తిట్టినా, ఎవరి గుట్టు బయట పెట్టినా, వినాల్సిందే. గంట కిందట మామూలుగా చెబితే సాక్ష్యం అడిగారు. అదే మాట రాగం తీసి చెబితే ఒకరి మొహం ఒకరు చూసుకోలేకపోయారు. తలుపు దగ్గర ఆడవాళ్ళంతా అందుకున్నారు. ఇన్ని రోజులూ నా కోసం దాచుకున్నట్టు ఏడ్చారు.

శివాజీ బావ కండువా కళ్ళకు అడ్డం పెట్టుకున్నాడు. "ఇంత బాధ ఎక్కడ దాసుకున్నవు అండాలూ" అన్నాడు. "తీస్కపో. రచన మాట నేను తీసేస్తనా? పిల్లను నువ్వే తీస్కపో."

అమ్మ వచ్చి నన్ను పొదివి పట్టుకుంది. చెంప చెంపకు ఆనించి, ఎవరికీ వినిపించకుండా అంది: "పచ్చినీళ్ళతోని కడుక్కోకు, ఇంక మండుతది. నూనె రాసి తుడువు."

సిగ్గు వేయాలి. వేయలేదు. బాగా చేశాననిపించింది. ఇన్నేళ్ళలో ఒక్క సీను బాగా చేశాను, కెమెరా లేదు.

నవంబరు 12

విజయ్‌కి కుదరదని చెప్పాను. "పాత మోడల్‌కు వేరేవాళ్ళు దొరుకుతారా మేడమ్?" అన్నాడు. చాలామంది ఉన్నారన్నాను.

నవంబరు 16, ఆదివారం. చెల్పూర్.

బడి సంవత్సరం పూర్తయ్యేదాకా క్వార్టర్‌లో ఉండొచ్చని ప్లాంటు వాళ్ళు అన్నారు. జగపతి ఉద్యోగమే రచనకు ఇచ్చారు కదా, ఇద్దరి మీదా దయ ఉంది వాళ్ళకు. భూపాలపల్లిలో కూరగాయలు కొని ఆటోలో వచ్చాం. మేఘన ప్లాంటు మీది పొగ చూపించి, "గది పొగ గాదు, ఆవిరి" అంది.

తాళం తీశాను. రచన చెప్పులు గుమ్మంలోనే ఉన్నాయి. పక్కన నావి విడిచాను.

నవంబరు 18

స్కూలు. ఇడ్లీ పిండి. యూనిఫాం ఇస్త్రీ. మేఘన ఇప్పుడు లోహితను నిలబడమని అడగడం లేదు. నన్ను పెద్దమ్మా అంటోంది. ఎందుకో గాని రోజుకోసారి నా ముఖం దగ్గరగా వచ్చి చూస్తుంది. ఏంది బిడ్డా అంటే ఏం లేదంటుంది.

ఇద్దరం బాగానే ఉన్నాం. అన్నం తింటున్నాం, నిద్ర పోతున్నాం. అమ్మ ఫోన్ చేస్తే అదే చెప్పాను. "ఊ" అని పెట్టేసింది.

నవంబరు 21, శుక్రవారం

పొయ్యి మీద పప్పు పెట్టి, దండెం మీది బట్టలు తేవడానికి వాకిట్లోకి పోయాను. వచ్చేసరికి మేఘన స్టూలు ఎక్కి ఉంది. కారం డబ్బా మూత కింద పడి ఉంది. ఒక కన్ను అప్పటికే ఎర్రగా వాచి మూసుకుపోయింది. వేలు రెండో కంటి దగ్గరికి పోతోంది. నీళ్ళు కారుతున్నాయి. నోట్లోంచి చప్పుడు లేదు.

చేయి లాగేశాను. ఎత్తుకుని బాత్రూంలోకి పోయి కూర్చున్నాను. మొదట పిల్ల చేతులు సబ్బుతో కడిగాను. నూనె కన్ను చుట్టూ రాశాను, అరచేతిలో నీళ్ళు పట్టి కంట్లో కొట్టాను, ఏది ముందో ఏది వెనకో తెలియలేదు.

"ఎందుకు చేసినవే?"

"ఏడ్సెతందుకు."

"ఎవలన్నరు ఏడ్వుమని? బళ్ళె అన్నరా?"

"ఎవ్వలనలె." నీళ్ళు తగిలి ఊపిరి బిగపట్టింది. మళ్ళీ అంది: "నువ్వు గోదాంల పెట్టుకున్నవు గద. నువ్వు ఏడిస్తె పెదబాపు నన్ను నీకిచ్చిండు."

"ఔ."

"నేనేడిస్తె అమ్మను ఇస్తరా?"

ఒక కంటితోనే నన్ను చూస్తోంది. జవాబు కోసమే అడిగింది. పది రోజులుగా మనసులో పెట్టుకుని, సరైన రోజు చూసుకుని, స్టూలు జరుపుకుని ఉంటుంది.

"ఇయ్యరు బిడ్డా" అన్నాను. "ఎంత ఏడ్సినా ఎవ్వలూ ఇయ్యరు. అమ్మ సచ్చిపోయింది."

ఆ మాట నేను నోటితో అనడం అదే మొదటిసారి. ఈ డైరీ కూడా ఇప్పుడు వెనక్కి తిప్పి చూశాను. రాయడంలోనూ ఎక్కడా లేదు.

ఇద్దరిలో ఎవరు ముందు మొదలుపెట్టారో తెలియదు. పప్పు మాడిన వాసనకు పక్క క్వార్టర్ ఆమె వచ్చి, మమ్మల్ని చూసి, పొయ్యి ఆపి, తలుపు దగ్గరగా వేసి వెళ్ళిపోయింది.